అపరిచితుల చేయూత: డార్క్ సోల్స్ ఆటల వంశం మొత్తం మీద ఒక సమీక్ష

డార్క్ సోల్స్ గురించి ఎవరినడిగినా ముందు వినిపించే మాట 'కష్టం'. ఈ ఆటలు అమ్మినవాళ్లు కూడా ఆ మాటనే పట్టుకున్నారు. 2012లో పీసీకి వచ్చిన కూర్పుకి పెట్టిన పేరే 'ప్రిపేర్ టు డై ఎడిషన్'. ఆ తర్వాత ఏ కొత్త ఆట కాస్త గట్టిగా ఉన్నా దాన్ని డార్క్ సోల్స్‌తో పోల్చడం సమీక్షకులకు అలవాటైపోయింది. కానీ కష్టమే గొప్పతనమైతే, ఇంతకంటే కష్టమైన ఆటలు 1980ల నుంచీ ఎన్నో ఉన్నాయి. వాటి గురించి ఇవాళ ఇంతగా ఎవరూ మాట్లాడుకోవడం లేదు. 2009 నుంచి 2025 దాకా ఫ్రమ్‌సాఫ్ట్‌వేర్ సంస్థ తెచ్చిన ఈ వంశంలోని ఆటలన్నిటినీ వరసగా పెట్టి చూస్తే నాకు తోచేది వేరు. ఇక్కడ కష్టం ఒక అవసరాన్ని పుట్టిస్తుంది. అది తోడు అవసరం. ఆ తోడుని పేరు తెలియని, గొంతు వినిపించని, మళ్లీ ఎదురుపడని మనుషుల ద్వారా అందించడమే ఈ ఆటలు కనిపెట్టిన అసలు విషయం. తర్వాతి ఆటల్లో ఏది నిలబడింది, ఏది తడబడింది అన్నది కూడా చాలావరకు ఈ ఒక్క సంగతిని అవి ఎలా పట్టించుకున్నాయన్న దాన్నిబట్టే తేలింది.

ఫ్రమ్‌సాఫ్ట్‌వేర్ 1986లో టోక్యోలో పుట్టింది. మొదట్లో వ్యాపార సంస్థలకు కావలసిన సాఫ్ట్‌వేర్ రాసేది. 1994లో మొదటి ప్లేస్టేషన్ కోసం 'కింగ్స్ ఫీల్డ్' చేసింది. చీకటి నేలమాళిగలు, నిదానంగా తిరిగే కత్తి, దేన్నీ విడమరిచి చెప్పని కథ అప్పుడే ఉన్నాయి. హిడెటాకా మియాజాకి ఈ సంస్థలో చేరింది 2004లో. అంతకుముందు ఆయన ఒరాకిల్ ఉద్యోగి. 'ఐకో' అనే ఆట ఆడాక, ఆటలు చేయాలన్న కోరికతో మంచి జీతం వదులుకుని వచ్చారు. సంస్థలో అప్పటికే దారి తప్పిన ఒక ప్రాజెక్టు ఉండేది. ఎలాగూ విఫలమైనట్టేనని అందరూ అనుకుంటున్న పని కాబట్టి, దాన్ని తన చేతికిస్తే నచ్చినట్టు మార్చుకోవచ్చని ఆయనకు అనిపించింది. అదే 2009 ఫిబ్రవరిలో ప్లేస్టేషన్ 3 మీద వచ్చిన 'డీమన్స్ సోల్స్'. సోనీ దాన్ని ఆసియా బయట విడుదల చేయడానికి ఒప్పుకోలేదు. అమెరికాలో అట్లస్, యూరప్‌లో నామ్కో బండాయ్ ఆ పని చేశాయి. ఈలోగా ఆసియా కూర్పుల డిస్కులు తెప్పించుకుని ఆడినవాళ్లు ఒకరికొకరు చెప్పుకోవడంతోనే దానికి పేరొచ్చింది.

ఆ ఆటలోని సహాయం ఆలోచన ఎక్కడినుంచి వచ్చిందో మియాజాకి ఒక ఇంటర్వ్యూలో చెప్పారు. బాగా మంచు పడిన రోజున, ఎత్తు రోడ్డు మీద ఆయన కారు జారడం మొదలుపెట్టింది. వెనకున్న కారూ ఇరుక్కుంది. దాని వెనకున్న కారు ముందుకొచ్చి దాన్ని తోసింది. అలా ఒకదాన్నొకటి తోసుకుంటూ కార్లన్నీ గట్టెక్కాయి. ఆయన ఆగి కృతజ్ఞత చెప్పలేకపోయారు, ఆగితే మళ్లీ జారిపోతారు. చివర్లో తోసిన కారు పైకి చేరిందో లేదో కూడా తెలియలేదు. వాళ్లను ఇక ఎప్పటికీ కలవనన్న ఆలోచనే ఆయన మనసులో నిలిచిపోయింది.

ఈ సంగతి తెలిశాక డీమన్స్ సోల్స్‌ని చూస్తే ప్రతి ఏర్పాటూ అర్థమవుతుంది. చంపిన శత్రువుల నుంచి వచ్చే 'సోల్స్' ఇక్కడ డబ్బూ అవే, అనుభవమూ అవే. చస్తే అవన్నీ చచ్చిన చోటే పడిపోతాయి. మళ్లీ అక్కడికి ప్రాణాలతో వెళ్లి తాకితే తిరిగొస్తాయి. దారిలో ఇంకోసారి చస్తే పోయినట్టే. ఇక ఆన్‌లైన్‌లో ఉంటే నేల మీద ఇతరుల రక్తపు మరకలు కనిపిస్తాయి. ఒకదాన్ని తాకితే ఆ మనిషి చివరి కొన్ని క్షణాలు ఎర్రటి నీడలా ఆడతాయి. అతను మూల తిరిగాడు, ఎడమనుంచి ఏదో తగిలింది, పడిపోయాడు. అంతే, ఆ మూల దగ్గర మనం షీల్డ్ ఎత్తుకుంటాం. కొందరు సందేశాలు రాసి వెళ్తారు. సొంత మాటలు రాసే వీల్లేదు, ఆట ఇచ్చిన మాటల్లోంచే ఏరుకుని కూర్చాలి. ఆ ఇరుకులోనే హెచ్చరికలు, ఓదార్పులు, అబద్ధాలు అన్నీ రాస్తారు. మీరు రాసిన సందేశం ఎక్కడో ఎవరికో పనికొచ్చి వాళ్లు మెచ్చుకుంటే, ఆ క్షణంలో మీ ఆరోగ్యం కొంత పెరుగుతుంది. అది చావుబతుకుల పోరు మధ్యలో జరిగితే మిమ్మల్ని బతికించినది ఎవరో మీకెప్పటికీ తెలియదు. నేల మీద గుర్తు గీసి మరొకరి లోకంలోకి సాయానికి వెళ్లవచ్చు. వాయిస్ చాట్ లేదు. తల వంచడం, చెయ్యి ఊపడం వంటి సైగలే భాష. ఆ చోటి పెద్ద శత్రువు, అంటే బాస్, పడగానే వచ్చినవాడు మాయమైపోతాడు.

అపరిచితుడు ఎప్పుడూ మిత్రుడే అయితే ఈ లోకం ఇంత బలంగా ఉండేది కాదు. చంపడానికి వచ్చే ఇన్వేడర్ కూడా మన లాంటి మరో మనిషే. డీమన్స్ సోల్స్‌లో టవర్ ఆఫ్ లాట్రియా పైన 'ఓల్డ్ మాంక్' అనే బాస్ తలుపు తెరిస్తే, ఆ పసుపు బట్ట చుట్టుకుని నిలబడేది మరో ఆటగాడు. డార్క్ సోల్స్ 2లో లుకింగ్ గ్లాస్ నైట్ తన అద్దంలోంచి ఆటగాళ్లను పిలుస్తాడు. డార్క్ సోల్స్ 3కి చివరగా వచ్చిన అదనపు భాగం (డీఎల్‌సీ)లోని హాఫ్‌లైట్ పోరులోనూ ఇదే ఏర్పాటు మళ్లీ కనిపిస్తుంది.

2011 సెప్టెంబరులో వచ్చిన 'డార్క్ సోల్స్' ఈ పద్ధతికి ఒక ధర పెట్టింది. సాయానికి ఎవరినైనా పిలవాలంటే ముందు 'హ్యుమానిటీ' అనే వస్తువు ఖర్చుపెట్టి మనిషి రూపంలోకి రావాలి. ఆ రూపంలో ఉన్నంతసేపు ఇన్వేడర్లకు కూడా తలుపు తెరిచినట్టే. చెయ్యి చాచడం అంటే గుండె చూపించడం కూడా అని ఆట నియమంగానే చెబుతోంది. ఇంత సూక్ష్మమైన ఆలోచన ఒక మెనూ మీటలో ఇమడడం నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే. ఆస్టోరా సొలేర్ అనే సూర్యారాధక యోధుడు ఆటలో మొదట కలిసినప్పుడు చేతికిచ్చేది తెల్లటి సుద్దరాయి, ఇతరుల లోకాల్లోకి వెళ్లే గుర్తు గీసుకునేది. ఆనార్ లొండోలో ఆర్న్‌స్టీన్, స్మవ్ అనే బాస్‌లిద్దరూ కలిసి మీదపడే గదిలో నేను చాలా రోజులు ఓడిపోయాను. ఒక రాత్రి గుమ్మం ముందు కనిపించిన బంగారు రంగు గుర్తుని తాకితే ఎవరో వచ్చారు. వాళ్లు భారీ గదాధారి స్మవ్‌ని గది ఆ చివరికి లాక్కెళ్లి, నేను రెండోవాడితో తేల్చుకునేదాకా అక్కడే ఆపారు. మాట లేకుండా అంత మర్యాదగా ఎవరైనా పోరాడటం నేను మరెక్కడా చూడలేదు.

డార్క్ సోల్స్‌లో మరో గొప్ప సంగతి దాని నేల. మొదటి సగంలో ఒక చోటినుంచి మరో చోటికి గంతేసే సౌకర్యం లేదు. ఫైర్‌లింక్ ష్రైన్ నుంచి పైకెక్కి, అన్‌డెడ్ బర్గ్ ఇళ్ల మధ్య నుంచి, డ్రాగన్ కాపలా ఉన్న వంతెన దాటి, పారిష్ చర్చి దాకా గంటల తరబడి రక్తం కక్కుకుంటూ వెళ్తాం. అక్కడ ఒక లిఫ్ట్ కనిపిస్తుంది. ఎక్కితే కిందికి, ఇంకా కిందికి దిగి మళ్లీ ఫైర్‌లింక్ ష్రైన్‌లోనే తేలుతుంది. ఆ క్షణంలో ఇంతసేపు నడిచిన దారి అంతా తలలో ఒక పటంలా అమరుతుంది. ఆట ఏ మ్యాప్ ఇవ్వలేదు, మనమే గీసుకున్నాం. ఒకసారి తెరిచిన తలుపు, దించిన నిచ్చెన మనం చచ్చినా తెరిచే ఉంటాయి. సోల్స్ పోవచ్చు, తెలుసుకున్నది పోదు. ఈ ఆటల్లో ఎదుగుదల అంటే ఎక్కువగా ఇదే. అదే ఆటలో రెండో సగం, ముఖ్యంగా లాస్ట్ ఇజలిత్, చేతిలో సమయం లేక తొందరలో పూర్తి చేసినట్టు కనిపిస్తుంది. దాన్ని సమర్థించను.

కథ చెప్పే తీరులోనూ ఇదే స్వభావం ఉంది. షిజువోకాలో లేమిలో పెరిగిన మియాజాకి చిన్నప్పుడు లైబ్రరీ పుస్తకాలు తన వయసుకి మించినవి చదివేవారట. అర్థంకాని చోట్లను బొమ్మలు చూసి తానే ఊహించి నింపుకునేవారట. అందుకే కాబోలు ఈ ఆటల్లో కథ ఉంగరాల వివరణల్లో, శవాలు పడిఉన్న తీరులో, సగంలో ఆగిన సంభాషణల్లో చెల్లాచెదురుగా ఉంటుంది. ఆరిపోతున్న అగ్ని, దాన్ని నిలపడానికి తనను తాను దహించుకున్న గ్విన్ రాజు, ఆ యుగాన్ని ముగియనివ్వని దేవతలు. ముక్కలు ఎవరికి వారు పోగేసి ఇంటర్నెట్‌లో ఒకచోట పెడితేనే ఒక రూపం వస్తుంది. కథ చదవడంలో కూడా ఇతరుల తోడు లేకుండా సాగదు.

ఇక్కడినుంచి ఒక్కో ఆట ఈ అమరికలోంచి ఒక్కో ముక్కని తీసి చూసింది.

2014లో వచ్చిన 'డార్క్ సోల్స్ 2'కి మియాజాకి దర్శకుడు కారు, టొమొహిరో షిబుయా, యూయి తనిమురా చేశారు. దీన్ని చిన్నచూపు చూడటం అభిమానుల్లో పాత అలవాటు. పోరాట శైలుల వైవిధ్యంలో మాత్రం ఇది మొదటిదానికంటే చాలా ముందుంది. ఇందులోని పెద్ద పొరపాటు వేరే ఉంది. ఎవరిని ఎవరితో కలపాలో లెవెల్‌ని బట్టి కాకుండా, ఆటగాడు మొత్తం మీద సంపాదించిన సోల్స్ లెక్కని బట్టి నిర్ణయించింది. ఇతరులకు సాయం చేస్తే సోల్స్ వస్తాయి. సోల్స్ వస్తే లెక్క పెరుగుతుంది. పెరిగితే సాయం కోరేవాళ్లకు మీ గుర్తు కనిపించకుండా పోతుంది. అంటే ఎక్కువ సాయపడినవాడే దూరమైపోయాడు. ఆ సోల్స్‌ని మీ లెక్కలో చేరకుండా మింగే అగపే ఉంగరాన్ని తర్వాత చేర్చారు. ఆలస్యమే అయినా సరైన దిద్దుబాటు.

'బ్లడ్‌బోర్న్' 2015 మార్చిలో ప్లేస్టేషన్ 4కి మాత్రమే వచ్చింది. షీల్డ్ చాటు తీసేసి, దెబ్బ తిన్న వెంటనే తిరిగి కొడితే పోయిన ప్రాణం కొంత వెనక్కి వచ్చే ఏర్పాటు పెట్టింది. దాంతో వెనక్కి తగ్గాల్సిన చోట ముందుకు దూకడం అలవాటవుతుంది. యార్నమ్ నగరం మొదట జంతువులుగా మారిన మనుషుల కథలా ఉండి, సగం దాటాక నక్షత్రాల అవతలి భయాల కథగా మారిపోతుంది. భయానక కథల రచయిత లవ్‌క్రాఫ్ట్ ఛాయని ఇంత బాగా ఇముడ్చుకున్న ఆట మరొకటి లేదు. గాయాలు మాన్పే రక్తపు సీసాలు అయిపోతే వెనక్కి వెళ్లి పోగేసుకోవాల్సి రావడం నిజంగా విసుగు. తోడు కోసం నేల మీద గుర్తులకు బదులు గంట మోగించాలి, దానికి 'ఇన్‌సైట్' అనే వనరు ఖర్చవుతుంది. ఎదుటివాడూ అదే సమయంలో తన గంట మోగిస్తూ ఉండాలి. ఎదురుచూపు ఎక్కువ, ఫలితం తక్కువ. వాతావరణంలో ఇది వంశంలోకెల్లా శిఖరం, తోడు విషయంలో మెట్టు కిందికి.

'డార్క్ సోల్స్ 3' 2016లో వచ్చింది. డార్క్ సోల్స్ దర్శకత్వంలోకి మియాజాకి మళ్లీ వచ్చారు. తోడు పిలవడం ఇందులో సాఫీగా సాగుతుంది. కథలో కాలమే కుప్పకూలి పాత రాజ్యాలన్నీ ఒకదాని మీద ఒకటి పేరుకుంటాయి. ఆర్పాల్సిన అగ్నిని మళ్లీ మళ్లీ రాజేసే లోకం గురించిన కథని మూడోసారితో ఆపేయడం మంచి నిర్ణయం. 2020 మే నాటికి మూడు ఆటలూ కలిపి 2.7 కోట్ల కాపీలు అమ్ముడైనా నాలుగోది రాలేదు.

2019 మార్చిలో వచ్చిన 'సెకిరో' దగ్గర ఆగాలి. జపాన్ సెంగోకు యుగపు చివరి రోజుల్లో అషినా అనే ఊహా రాజ్యం, ఒక చెయ్యి పోగొట్టుకున్న షినోబి. పాత్రని నచ్చినట్టు మలుచుకునే బిల్డ్‌లు లేవు, ఆయుధాల ఎంపిక దాదాపు లేదు. కత్తికి కత్తి అడ్డుపెట్టి ఎదుటివాడి నిలకడని విరగ్గొట్టాలి. ఆ లోహపు చప్పుడు తాళంలో పడినప్పుడు కలిగే ఆనందం మరే ఆటా ఇవ్వలేదు. ఆ ఏడాది ద గేమ్ అవార్డ్స్‌లో ఉత్తమ ఆట ఇదే. కానీ విడుదలైనప్పుడు ఇందులో ఆన్‌లైన్ అసలు లేదు. మరకలు లేవు, సందేశాలు లేవు, తోడు లేదు. ఆట వచ్చిన కొద్ది రోజులకే, ఇందులో సులువైన మోడ్ ఉండాలా వద్దా అన్న వాదన ప్రపంచమంతా నడిచింది. చాలామంది దాన్ని డార్క్ సోల్స్ మీద ఎప్పటినుంచో ఉన్న వాదనకి కొనసాగింపుగా చూశారు. నాకు అవి రెండు వేరు వేరు ప్రశ్నలు. డార్క్ సోల్స్‌లో సులువైన మోడ్ ముందునుంచీ ఉంది. నేల మీద మెరిసే గుర్తుని తాకితే చాలు, పోరు సగం తేలికవుతుంది. దాన్ని మెనూలో ఒక గడిగా కాకుండా మరో మనిషిగా పెట్టారు. సెకిరో ఆ మనిషిని తీసేసి అతని చోట ఏమీ పెట్టలేదు. కాబట్టి చేతులు వేగంగా కదలని వైకల్యం ఉన్నవాళ్లు, వయసు మీదపడినవాళ్లు అడిగిన సౌకర్యాలు ఈ ఆట విషయంలో పూర్తిగా న్యాయమైనవి. ఆటవేగం కొద్దిగా తగ్గించుకునే వీలు ఇచ్చినంతమాత్రాన ఇషిన్‌తో ఆఖరి పోరు విలువ తగ్గేది కాదు.

'ఎల్డెన్ రింగ్' 2022 ఫిబ్రవరి 25న వచ్చింది. పురాణ నేపథ్యం రాయడానికి జార్జ్ ఆర్. ఆర్. మార్టిన్‌ని పిలిచారు. 2025 నాటికి 3 కోట్లకు పైగా కాపీలు అమ్ముడయ్యాయి, ఈ వంశంలో ఇంకేదీ ఆ దరిదాపుల్లో లేదు. ఎందుకంటే మొదటిసారి ఓడిపోయినవాడికి వెళ్లడానికి మరో దిక్కు దొరికింది. స్టార్మ్‌వీల్ కోట వంతెన మీద మార్గిట్ అనే బాస్ చేతిలో చిత్తయితే గుర్రమెక్కి దక్షిణాన వీపింగ్ పెనిన్సులాకి పోవచ్చు. బలం పుంజుకుని వెనక్కి రావచ్చు. ఇక 'స్పిరిట్ యాష్' అనే ఆత్మలను పిలుచుకునే వీలు పెట్టారు, ఇంటర్నెట్ లేకున్నా తోడు దొరుకుతుంది. ఒంటరిగా ఆడేవాడి మీదికి సాధారణంగా ఇన్వేడర్లు రారు, తోడు పిలిస్తే వస్తారు. రడాన్ అనే బాస్‌తో పోరుని ఏకంగా ఒక జాతరలా కట్టారు. ఎర్రటి ఇసుక మైదానంలో గుర్రం మీద దూసుకుపోతూ వరసగా గుర్తులు తాకి యోధులను లేపుకుంటూ పోతాం. వీటిలో మనుషులు లేకపోయినా ఆలోచన మాత్రం ఆ మంచు రోడ్డుదే. అయితే ఇంత నేల నింపడానికి ఒకే రకం నేలమాళిగలు, అవే బాస్‌లు మళ్లీ మళ్లీ వచ్చాయి. మంచు పర్వతాలకు చేరేసరికి అలసట వస్తుంది. మొదటి డార్క్ సోల్స్ లోకమైన లార్డ్‌రన్‌లో లిఫ్ట్ దిగినప్పటి ఆనందం ఇక్కడ కోటల లోపల మాత్రమే మిగిలింది.

ఎల్డెన్ రింగ్ ఇచ్చిన అతి గొప్ప కథ ఆట రాసింది కాదు. మలేనియా అనే బాస్ దగ్గర వేలమంది ఇరుక్కుపోయారు. తల మీద కుండ, చేతుల్లో రెండు కత్తులు, ఒంటి మీద గోచీ తప్ప ఏమీ లేని ఒక ఆటగాడు 'లెట్ మీ సోలో హర్' అన్న పేరుతో గుమ్మం దగ్గర గుర్తు గీసి కూర్చునేవాడు. పిలిచినవాళ్లు పక్కన నిలబడితే చాలు, తానొక్కడే పూర్తిచేసేవాడు. అలా ఆమెని వెయ్యిసార్లకు పైగా ఓడించాడు. ఆట ప్రచురణకర్తలు అతనికి నిజమైన కత్తి ఒకటి కానుకగా పంపారు. కొత్తవాళ్లకు ఈ వంశం గురించి చెప్పాలంటే నేను ఇక్కడినుంచే మొదలుపెడతాను.

2024 జూన్‌లో వచ్చిన ఎల్డెన్ రింగ్ డీఎల్‌సీ 'షాడో ఆఫ్ ద ఎర్డ్‌ట్రీ' నేల అల్లికలో మళ్లీ పాత పదునుకి చేరింది. పై నేలకీ కింది నేలకీ మధ్య దారులు వెతుక్కోవడమే ఒక ఆట. బాస్‌ల వేగం మాత్రం హద్దు దాటింది. తర్వాత ప్యాచ్‌లతో కొంత తగ్గించారు, చివరి బాస్‌ని కూడా.

2025 మే 30న వచ్చిన 'నైట్‌రైన్' తోడునే ఆటగా చేసింది. దర్శకుడు జున్యా ఇషిజాకి. ముగ్గురు కలిసి దిగుతారు, మూడు రోజుల ఆట, ముంచుకొచ్చే రాత్రి, చివర ఒక పెద్ద బాస్. సరదాగా ఉంటుంది, పడిపోయినవాడిని కొట్టి లేపే ఏర్పాటు నవ్వూ కంగారూ కలిపి తెప్పిస్తుంది. అయితే తోడు ముందే ఖాయమైన చోట అది కానుకగా అనిపించదు. సందేశాలు లేవు, చదవడానికి ఆగే తీరికా లేదు. ముగ్గురిలో ఒకరు తప్పుకుంటే మిగిలిన ఇద్దరికీ చిరాకే మిగులుతుంది. డార్క్ సోల్స్‌లో రాకపోయినా ఎవరూ అడగని మనిషి వచ్చి నిలబడతాడు. ఆ తేడాని నైట్‌రైన్ చాలా స్పష్టంగా బయటపెట్టింది.

ఈ వంశాన్ని అనుకరించినవాళ్లు చాలామంది దొర్లి తప్పుకోవడం, విడిది మంట, చస్తే పోయే సంపాదన తీసుకున్నారు. అపరిచితులను వదిలేశారు. కొరియా నుంచి 'లైస్ ఆఫ్ పీ', చైనా నుంచి 'బ్లాక్ మిత్: వూకాంగ్' రెండూ చక్కటి పనితనం ఉన్న ఒంటరి ఆటలు. 'నియో' మాత్రం చచ్చిన ఆటగాళ్ల సమాధులను నేల మీద ఉంచింది. నా దృష్టిలో ఈ ఆలోచనకి అసలు వారసుడు చీకటి ఫాంటసీ కాని ఆట, హిడెయో కొజిమా 2019లో చేసిన 'డెత్ స్ట్రాండింగ్'. ఎవరో వేసి వెళ్లిన నిచ్చెన మీద మనం కొండ దాటుతాం.

మిగిలిన ఒక్క ఆందోళన సర్వర్ల గురించి. ఈ ఆటల్లో అతి విలువైన భాగమే అతి తొందరగా పోయే భాగం. పాత డీమన్స్ సోల్స్ సర్వర్లను 2018 ఫిబ్రవరి 28న ఆపేశారు. 2020లో బ్లూపాయింట్ చేసిన ప్లేస్టేషన్ 5 కూర్పు అందంగా ఉంది, కానీ పాత డిస్కుల్లో నేల ఖాళీ. అభిమానులే సొంతంగా సర్వర్ కట్టి ఆ పాత ఆట ఆన్‌లైన్‌ని మళ్లీ నిలబెట్టుకున్నారు. 2022 జనవరిలో భద్రతా లోపం బయటపడి పీసీ మీద డార్క్ సోల్స్ ఆటలన్నిటి ఆన్‌లైన్ ఆగిపోయింది. మిగతావి అదే ఏడాది నెలల తేడాతో తిరిగొచ్చాయి. 'ప్రిపేర్ టు డై' కూర్పుకి మాత్రం ఇక తెరవలేదు. ఎల్డెన్ రింగ్‌లో స్నేహితులతో మొదటినుంచి చివరిదాకా కలిసి తిరగడానికి వీలిచ్చిన 'సీమ్‌లెస్ కో-ఆప్' కూడా అభిమానులు ఆటకి చేసిన మార్పే (మాడ్). పని చేతనైనవాళ్లు బయట సిద్ధంగా ఉన్నారు. ఫ్రమ్‌సాఫ్ట్‌వేర్ చేయాల్సింది అనుమతి ఇవ్వడం, సర్వర్ ఆపే రోజున దాన్ని నడిపే ప్రోగ్రామ్‌ని బయటపెట్టడం. స్విచ్ 2 కోసం మియాజాకి దర్శకత్వంలోని 'డస్క్‌బ్లడ్స్' ఆన్‌లైన్ మీదే ఆధారపడిన ఆట అని 2025లోనే ప్రకటించారు. సర్వర్ లేకపోతే అలాంటి ఆటలో మిగిలేది తక్కువ కాబట్టి, ఆ ఏర్పాటు ఈ ఆటతోనే మొదలవ్వాలి.